ఒకటో నంబరు పలక

నాకు డోలక్ వచ్చని చెప్పినప్పుడు మా పాస్టరుగారి కోడలు ఏంజెల్ నవ్వలేదు. అందుకే ఆ పిల్లంటే నాకు ఇష్టం. నవ్వింది మా ఆయన.

"నీకా? ఎప్పుడు పట్టుకున్నావే డోలక్కు?" అన్నాడు ఏబేలు, చర్చి మెట్ల దగ్గర చెప్పులు తొడుక్కుంటూ.

పట్టుకోలేదు. అదే కదా నా బాధ. ముప్పై అయిదేళ్ళ కిందట నేర్చుకున్నాను, ఇప్పటిదాకా ఒక్కసారి కూడా ముట్టుకోలేదు. ఈ మాట ఎవరికి చెప్పినా పిచ్చిదాన్ని చూసినట్టు చూస్తారు. "ఈత నేర్చుకుందంట, నీళ్ళలో దిగలేదంట," అని ఏబేలు దారి పొడుగునా అంటూనే ఉన్నాడు.

ఏంజెల్ అడిగిన సంగతి ఇది. మే నెలలో పిల్లలకు పెట్టే వేసవి బైబిలు బడిలో ఈసారి ఆడపిల్లలకు డోలక్ నేర్పించాలని ఆమె పట్టుదల. ఎక్కడో ఫోనులో దొరికిన పాఠాలను మార్కాపురంలో జిరాక్సు తీయించి, స్ప్రింగు బైండింగు చేయించి ముప్పై రెండు పేజీల పుస్తకం తెచ్చింది. పుస్తకమైతే ఉంది, నేర్పేవాళ్ళు లేరు. మా చర్చిలో డోలక్ వాయించిన యోబన్న చనిపోయి నాలుగేళ్ళయింది. అప్పటినుంచి కీబోర్డులో బటను నొక్కితే దరువు దానంతటదే వస్తోంది. ఏంజెల్‌కి కీబోర్డు వచ్చు, డోలక్ రాదు. "ఎవరికన్నా వచ్చా?" అని ఆదివారం ఆరాధన అయ్యాక అడిగింది. నా నోరు ఊరుకోలేదు.

"శనివారం వాయించి చూపియ్యి అత్తా. సోమవారం నుంచి క్లాసు నీదే," అంది.

ఆ వారమంతా నాకు అన్నం సయించలేదు.

మా ఊరు పెద్దారవీడు నుంచి కొండల వైపు ఆటోలో అరగంట. మా చర్చిలో మగవాళ్ళు కుడి పక్క, ఆడవాళ్ళు ఎడమ పక్క చాపల మీద కూర్చుంటాం. మధ్యలో నడవడానికి సన్నటి దారి. డోలక్ మగవాళ్ళ పక్క ఉంటుంది, తాళాలు మా పక్క ఉంటాయి. ఆడది డోలక్ వాయించకూడదని బైబిల్లో ఎక్కడా లేదు, నేను వెతికాను. ఎవరూ వద్దని కూడా అనలేదు. అది ఆ పక్క ఉంటుంది, మేం ఈ పక్క ఉంటాం, అంతే. వద్దన్నవాడు ఒకడుంటే వాడితో పోట్లాడేదాన్ని. దారితో ఏం పోట్లాడతాం?

పదిహేడేళ్ళప్పుడు నేను తాళాలు వేసేదాన్ని. ఒక పెళ్ళిలో పాట జోరెక్కి అందరూ పరుగు పెడుతుంటే నేనొక్కదాన్నే నడక చెడకుండా పట్టుకున్నాను. యోబన్న డోలక్ వాయిస్తూ తలెత్తి చూసి, "ఆ," అన్నాడు. ఆయన మెచ్చుకోవడం అంటే అంతే, ఆ ఒక్క అక్షరం. దానికోసం మా ఊళ్ళో పాడేవాళ్ళు నెలలకొద్దీ ఎదురుచూసేవాళ్ళు. పాట అయ్యాక నాలుగడుగుల దూరంలో నిలబడి, "నీ చేతిలో లెక్క ఉంది సామ్రాజ్యం. డోలక్కు నేర్చుకుంటావా?" అన్నాడు.

నేర్చుకుంటానన్నాను. ఎట్లా అన్నది మాత్రం ఇద్దరికీ తెలియలేదు. ఆయనకు అప్పటికి ముప్పై నిండలేదు, పెళ్ళయినవాడు. నేను పెళ్ళి కావలసిన పిల్లను. పక్కపక్కన కూర్చుని చేతులు చూసుకుంటూ ఉంటే ఊరు ఊరుకుంటుందా?

యోబన్న మార్కాపురంలో పలకల ఫ్యాక్టరీకి రాయి చీల్చే పనికి పోయేవాడు. మూలలు విరిగి అమ్మకానికి పనికిరాని పలకలు ఇంటికి తెచ్చుకునేవాడు. పాఠాలు వాటి మీద రాసి పంపడం మొదలుపెట్టాడు. బలపంతో రాస్తే చెరిగిపోతుందని మేకుతో గీశాడు. సున్నా ఉంటే ఎడమ చెయ్యి, అంటే లావుగా మోగే వైపు. నిలువు గీత ఉంటే కుడి చెయ్యి, సన్నగా మోగే వైపు. చుక్క ఉంటే ఆగాలి. పై మూలలో నంబరు. ఆయన భార్య దీనమ్మ వదిన ఆ పలకను పైట కింద దాచుకుని మా ఇంటికి తెచ్చేది. ఆమెకు చదువు రాదు.

మొదట వచ్చిన పలక మీద రెండు అని ఉంది.

"ఒకటోది ఏది వదినా?" అన్నాను.

"దోవలో జారి పడింది. ముక్కలైపోయింది. మీ అన్నకి చెప్పబాక అమ్మీ, కసురుకుంటాడు."

చెప్పలేదు. రెండు వారాల తర్వాత చర్చి బయట యోబన్న ఎదురుపడ్డాడు. "ఒకటోది బాగా చేస్తన్నావా? అది వస్తేనే మిగతావి," అన్నాడు. దీనమ్మ వదిన ఆయన వెనకే నిలబడి నా ముఖంలోకి చూస్తోంది.

"చేస్తన్నా అన్నా," అన్నాను.

ఒకటో పాఠంలో ఏముంటుందిలే, ఎట్లా కూర్చోవాలో, చేతులు ఎక్కడ పెట్టాలో ఉంటుంది, ఆదివారం ఆదివారం ఆయన్ని చూస్తూనే ఉన్నాను కదా అని సర్దిచెప్పుకున్నాను. ఒక ఆడమనిషిని తిట్లు పడకుండా కాపాడానని కొంచెం గొప్పగా కూడా అనిపించింది.

నాకు డోలక్ ఎక్కడిది? బొంతను చుట్టగా చుట్టి ఒళ్ళో పెట్టుకుని దాని రెండు చివర్ల మీద వాయించేదాన్ని. మా నాయన వినకూడదు, పక్కింటివాళ్ళు వినకూడదు. అందుకని చెయ్యి వేసినచోటే అదిమిపెట్టేదాన్ని. చప్పుడు పుట్టకుండా వాయించడం బాగా నేర్చుకున్నాను. రెండేళ్ళలో పద్దెనిమిది పలకలు వచ్చాయి, రెండు నుంచి పంతొమ్మిది దాకా. ఆ తర్వాతి నెలలో నాకు ఏబేలుతో పెళ్ళయింది. ఇల్లు మారింది గానీ వీధి మారలేదు. పలకలు మాత్రం ఆగిపోయాయి. పాఠాలే అయిపోయాయో, పెళ్ళయినదానికి ఇంకెందుకనుకున్నాడో నేను అడగలేదు.

చెయ్యి ఆగితే కదా. మిరపకాయల కోతకు ట్రాక్టరు మీద పోతూ తొడ మీద వాయించాను. పిల్లలను జోకొడుతూ వాళ్ళ వీపుల మీద వాయించాను. మా పెద్దదానికి ఎనిమిదో పలక వాయిస్తే గాని నిద్ర పట్టేది కాదు. చర్చిలో యోబన్న ఆ పక్క వాయిస్తుంటే, ఈ పక్క పైట కింద నా వేళ్ళు కదిలేవి. ఒక్కసారి, జీవితంలో ఒక్కసారి ఆ డోలక్ ఒళ్ళో పెట్టుకుని రెండు నుంచి పంతొమ్మిది దాకా వాయించాలి, యోబన్న "ఆ" అనాలి, నేను వినాలి. నాకున్న కోరిక ఇంతే. పట్టుచీర మీద, పక్కా ఇంటి మీద కూడా నాకు ఇంత ఆశ లేదు. యోబన్న చనిపోయిన రోజు ఊరంతా ఆయన కోసం ఏడ్చింది. నేను ఆ "ఆ" కోసం ఏడ్చాను. చెప్పుకోవడానికి సిగ్గుగానే ఉంది, కానీ నిజం అదే.

శనివారం మూడింటికి ఏంజెల్ దీనమ్మ వదిన ఇంటికి పోయి, గోడకు తగిలించి ఉన్న డోలక్‌ని తెచ్చింది. డోలక్ వెనకే దీనమ్మ వదిన కూడా కర్ర పొడుచుకుంటూ వచ్చింది. రెండు కళ్ళకూ పొర కమ్మి ఆమెకు మనుషులు నీడల్లాగా కనపడతారు. "దాన్ని ఒక్కదాన్నే పంపను," అని ఆడవాళ్ళ పక్క గోడకు ఆనుకుని కూర్చుంది. ఏబేలు కూడా వచ్చాడు, ఎగతాళి చేయడానికే అనుకుంటా.

ఏంజెల్ సంచి విప్పి తోలు మీద వేలితో తట్టింది. "నాలుగేండ్లుగా ఎవరూ ముట్టుకోలేదు గదా, ఇంత బిగువుగా ఉందేంది?" అంది. ఎడమ వైపు తోలు మీద ఒకచోట మాత్రం అరచెయ్యంత మేర నల్లగా నునుపు తేలి ఉంది.

ఏ పక్క కూర్చోవాలో తోచక మధ్యదారిలోనే కూర్చున్నాను. డోలక్ బరువు తొడల మీద పడగానే కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. ముప్పై అయిదేళ్ళు. తుడుచుకుని, రెండో పలక మొదలుపెట్టాను.

దబ్. దబ్ దబ్. దబ్.

మూడో పలకకు పోయాను, నాలుగో దానికి పోయాను. చేతులు వాటంతటవే పరుగెత్తుతున్నాయి, ఎక్కడా తడబాటు లేదు. మోత మాత్రం లేదు. బియ్యం బస్తా మీద కొడుతున్నట్టుంది. గట్టిగా కొట్టాను. ఇంకా గట్టిగా కొట్టాను. అరచేతులు ఎర్రబడ్డాయి.

"అత్తా, ఒక్క దెబ్బ కూడా తప్పు పోలేదు. నిజంగా చెప్తన్నా," అంది ఏంజెల్. తర్వాత కాస్త ఆగింది. "కానీ మోగడం లేదు."

పుస్తకం తీసి వెతికింది. నాలుగో పేజీలో 'తెరిచిన దెబ్బ' అని ఉంది, పక్కన ఫోనుతో స్కాన్ చేసి వినమని ఒక చదరం ఉంది. జిరాక్సులో ఆ చదరం మసిగుడ్డతో అలికినట్టయిపోయింది. ఫోను దాన్ని ఎంతసేపు చూసినా గుర్తుపట్టలేదు. "అసలు ముక్క ఇందులోనూ లేదు," అని ఏంజెల్ విసుక్కుంది.

"మరి సోమవారం?" అన్నాను.

"చూద్దాంలే అత్తా," అంది మెల్లగా.

ఏబేలు నవ్వలేదు. నవ్వి ఉంటే బాగుండేది, తిరిగి నాలుగు మాటలు అనేదాన్ని. డోలక్‌ని కింద పెట్టి లేచాను. పోతూ పోతూ చూస్తే దీనమ్మ వదిన పెదాలు కదిలాయి, మాట మాత్రం బయటికి రాలేదు.

ఇంటికొచ్చి మంచం కింద గోనెసంచి బయటికి లాగాను. పద్దెనిమిది పలకలూ రోడ్డు మీద పడేసి పగలగొడదామని లేచాను. ఏబేలు సంచికి అడ్డంగా కూర్చున్నాడు.

"ఇన్నేండ్లూ నా ఈపు మీద గూడా వాయించినావు. నాకైతే బాగానే వినపడింది," అన్నాడు.

ఆ మనిషి నన్ను ఓదార్చిన సందర్భాలు చేతివేళ్ళ మీద లెక్కపెట్టవచ్చు. అందుకే ఇంకా ఎక్కువ ఏడ్చాను.

ఆదివారం ఆరాధనకు పోలేదు. మధ్యాహ్నం దాకా గోడ వైపు తిరిగి పడుకున్నాను. పడుకుని అదీ ఇదీ తలచుకుంటుంటే నా కోపం మెల్లగా ఒక మనిషి మీదికి మళ్ళింది. ఒకటో పలక పగలగొట్టింది ఎవరు? ఆమె తిట్లు తినకూడదని అబద్ధం చెప్పింది ఎవరు? "అది వస్తేనే మిగతావి," అని యోబన్న ముఖం మీదే చెప్పాడు కదా. నాలుగు దులుపుదామని లేచి, చెప్పులు కూడా వేసుకోకుండా దీనమ్మ వదిన ఇంటికి బయలుదేరాను.

తలుపు దగ్గరగా వేసి ఉంది. తట్టబోతుంటే లోపల్నుంచి వినపడింది.

గుమ్.

లావుగా, నిండుగా, రేకుల కప్పు దాకా పోయి నిదానంగా తగ్గింది. కాసేపటికి మళ్ళీ ఇంకొకటి. అంతే, ఒక్క దెబ్బ తర్వాత ఒక్క దెబ్బ. యోబన్నే లోపల కూర్చున్నాడేమో అనిపించింది.

తలుపు తోశాను. దీనమ్మ వదిన నేల మీద కూర్చుని ఉంది. డోలక్ ఆమె ఒళ్ళో ఉంది, ఎడమ చెయ్యి గాల్లో ఉంది. ఎదురుగా గోడకు ఒక పలక ఆనించి ఉంది. దాని పై మూలలో ఒకటి అని ఉంది. డోలక్ బొమ్మ, దాని మీద నుంచి పైకి లేస్తున్న చెయ్యి బొమ్మ, కింద యోబన్న చేతిరాత. 'కొట్టిన చెయ్యి వెంటనే తియ్యాలి. పెట్టి ఉంచితే మోగదు. ఇది వచ్చేదాకా రెండోది మొదలుపెట్టవద్దు.'

రెండుసార్లు చదివాను. బొంత మీద అదిమిపెట్టిన చేతులు, పిల్లల వీపుల మీద ఆనించి ఉంచిన చేతులు గుర్తొచ్చాయి.

"ముక్కలైపోయింది అన్నావు," అన్నాను.

"సామ్రాజ్యమా?" అంది ముఖం నా వైపు తిప్పి. "అబద్ధం చెప్పినాను అమ్మీ."

"నీ మూలాన నా చెయ్యి మూగదైపోయింది. తెలుసా నీకు?"

"తెలుసు. నిన్న విన్నా గదా. అక్కడే చెప్దామనుకున్నా, అందరి ముందర నోరు రాలా."

నేను గడప మీదే కూలబడ్డాను. ఆమె డోలక్ మీద చెయ్యి వేసి నిదానంగా చెప్పుకొచ్చింది.

"ఆయన నీకు పలకలు గీస్తా ఉంటే మేకు అందించింది నేను. కింద గోనెపట్ట పరిచింది నేను. నాకూ ఒకటి గీసియ్యమని అడగలేకపోయినా. ఆయనకు తట్టలా. అచ్చరాలు రానిదానికి పలకెందుకు అనుకున్నాడేమో. ఈ ఒక్కదాని మీద బొమ్మ ఉండె. చదువు లేకపోయినా ఇది తెలుస్తది గదా అని ఉంచుకున్నా. మిగతావన్నీ సున్నాలూ గీతలూ. అవి నాకేం తెలుస్తయి? అన్నీ నీకే తెచ్చిచ్చినా."

"నా మీద అనుమానమా వదినా?"

"అనుమానం కాదు. కుళ్ళు. నీకు అన్ని ఇస్తన్నాడు, నాకు ఒక్కటన్నా వద్దా అని."

ఆ కుళ్ళు నాకు తెలియనిదా? డోలక్ దగ్గర కూర్చున్న ప్రతి మగవాణ్ణీ చూసి పడ్డదే కదా.

"దినామూ ఆయన మార్కాపురం బస్సెక్కినాక తలుపేసుకుని ఈ ఒక్క దెబ్బ కొట్టుకునేదాన్ని. ఆయన పోయినాక గూడా ఆపలా. తాళ్ళు నేనే బిగిస్తన్నా," అంది.

"యోబన్నకు తెలియదా?"

"ఎడమ పక్క తోలు నల్లబడతాందేంది అన్నాడు ఒకసారి. నా చేతి వైపు చూసినాడు. మళ్ళా ఏం అడగలా. తెలిసిందేమో, రెండోది తానే చెప్తాడేమో అని చూసినా." దీనమ్మ వదిన తోలు మీద ఆ నల్లటి చోట వేలితో నిమిరింది. "రేపు చెప్తాడు, ఎల్లుండి చెప్తాడు అని ఆయన పోయేదాకా చూసినా. చెప్పలా."

ఎవరి మీద కోపం తెచ్చుకోవాలో నాకు అర్థం కాలేదు. నాకు పద్దెనిమిది పాఠాలున్నాయి, మోత లేదు. ఈమె దగ్గర మోత ఉంది, పాఠం లేదు. మధ్యలో ఉన్నది నాలుగిళ్ళ దూరం.

"ఇట్ల వచ్చి కూర్చో," అంది. డోలక్‌ని నా ఒళ్ళోకి జరిపి, నా ఎడమ మణికట్టు పట్టుకుంది. "కాలిన పెనం మీద చెయ్యి పడితే ఎట్ల లాక్కుంటావు? అట్ల తియ్యి. కొట్టేది కాదు అమ్మీ, తియ్యడమే పని."

దబ్.

"పెట్టినావు. తియ్యి."

దబ్. దబ్. చెప్పినంత సులువా? నా చెయ్యి ముప్పై అయిదేళ్ళుగా భయపడి దాక్కున్న చెయ్యి. తోలు తగలగానే నొక్కేస్తోంది. నాకు విసుగొచ్చింది, రెండుసార్లు లేవబోయాను. ఆమె మణికట్టు వదల్లేదు. మా నాయన లేడు, పక్కింటివాళ్ళు విన్నా ఇప్పుడు ఏమీ కాదు, విననీ అని నాకు నేనే చెప్పుకుంటూ కొట్టాను. గోడ మీద ఎండ జరిగిపోయింది. ఎన్నోసారో తెలియదు, చెయ్యి దానంతటదే లేచింది.

గుమ్.

కింద నేల అదిరినట్టనిపించింది. అది నా చేతి నుంచే వచ్చిందని నమ్మడానికి ఇంకోసారి కొట్టాను. గుమ్. నవ్వో ఏడుపో తెలియకుండా వచ్చేసింది నాకు.

"ఆ," అంది దీనమ్మ వదిన.

అదే "ఆ". యోబన్న అన్నట్టే, అంతే పొట్టిగా. అన్నేళ్ళు ఆయన పక్కన ఉన్న మనిషికి అది రాకుండా ఎట్లా ఉంటుంది? నేను తల వంచుకుని ఆ మాట నాలో ఇంకేదాకా అట్లాగే ఉండిపోయాను.

తర్వాత లేచి ఇంటికి పరుగెత్తాను. ఏబేలు "ఏమైందే?" అంటున్నా పట్టించుకోకుండా గోనెసంచిలోంచి రెండో పలక తీసుకుని తిరిగొచ్చాను.

"రేపు తొమ్మిదికి క్లాసు వదినా. ఇద్దరం పోతన్నాం. మొదటి పాఠం పిల్లలకు నువ్వు చెప్పాల, రెండోదాన్నించి నేను చెప్తా," అన్నాను.

"నాకు ఒక్కటే గదమ్మీ వచ్చింది."

"అందుకే ఇది తెచ్చినా." పలకను ఆమె ఒళ్ళో పెట్టాను.

ఆమె చేతులు వెనక్కి తీసుకుంది. "కండ్లు ఉన్నప్పుడే తెలియలా. ఇప్పుడేం చూస్తా?"

ఆమె చూపుడువేలు పట్టుకుని పలక మీద పెట్టాను. మేకుతో లోతుగా గీసిన గీతలు, ఎక్కడా అరగలేదు. గుండ్రంగా తిప్పాను. "ఇది సున్నా. నీకు వచ్చిన దెబ్బే." నిలువుగా లాగాను. "ఇది కుడి చెయ్యి." ఆమె తర్వాత తనే వెతుక్కుంది. సున్నా, గీత, గీత. భర్త చేతిరాతను ఆమె వేలు మొదటిసారి చదువుతోంది. చివర గుంటలా తగిలిన చోట ఆగింది.

"ఇదేంది?"

"చుక్క. అక్కడ ఆగాల."

"ఎంతసేపు?"

"మనసులో ఒకటి అనుకునేంతసేపు."

"అంతేనా," అని దీనమ్మ వదిన డోలక్‌ని తన ఒళ్ళోకి జరుపుకుంది.